కనజావాకి పొద్దున వెళ్లి రాత్రికి వచ్చేలా

చిరంజీవి సింధుకి,

పెద్దమ్మ ఆశీస్సులు. వచ్చే నెల టోక్యో నిషికసాయిలోని మనవాళ్లని పన్నెండు మందిని కనజావాకి తీసుకెళ్లే బాధ్యత నీ మీద పడిందని మీ అమ్మ ఫోన్లో చెప్పింది. నువ్వు పంపిన ప్లాన్ కూడా చూశాను. సమకాలీన కళా మ్యూజియం, కెన్‌రోకుఎన్ తోట, కోట, ఒమిచో మార్కెట్, సమురాయ్ వీధి, హిగాషి చాయా అనే పాత టీ ఇళ్ల వీధి. ఆరు చోట్లు, పైన బంగారు రేకు ఐస్‌క్రీమ్. ఇందులో నాలుగు కొట్టెయ్. ఏ నాలుగో తర్వాత చెప్తాను, ముందు లెక్క చూడు.

టోక్యో నుంచి కనజావాకి దాదాపు 450 కిలోమీటర్లు. కగయాకి అనే బుల్లెట్ రైలెక్కితే రెండున్నర గంటలు. పొద్దున ఏడింటి ప్రాంతంలో బయల్దేరితే పది లోపు దిగుతారు. సాయంత్రం ఆరు, ఆరున్నరకి తిరుగు రైలు అనుకుంటే ఊళ్లో ఎనిమిది గంటలు ఉన్నట్టే కనిపిస్తుంది. అందులోంచి బస్సులకి, భోజనానికి, బాత్రూమ్‌ల ముందు క్యూలకి, "మా ఆయన ఎక్కడున్నాడో" అని వెతుక్కోవడానికి పోగా అయిదు గంటలు మిగిలితే గొప్ప. రానూపోనూ మనిషికి 28,000 యెన్‌ల పైనే ఖర్చు పెట్టుకుని వస్తున్నవాళ్లని ఆ అయిదు గంటలూ బస్సు స్టాపుల్లో నిలబెట్టకు. బొమ్మలు చూద్దామని కదా వస్తున్నారు, చూడనివ్వు.

డబ్బు సంగతి ఇప్పుడే చెప్పేస్తాను. మనిషికింత అని నువ్వేమీ తీసుకోవద్దు. 2018 జనవరి నుంచి లైసెన్సు లేనివాళ్లు కూడా డబ్బు తీసుకుని గైడ్ పని చేయొచ్చు, అది నిజమే. కానీ టికెట్లు కుదిర్చిపెట్టి దాని మీద డబ్బు తీసుకుంటే ట్రావెల్ ఏజెన్సీ రిజిస్ట్రేషన్ ఉండాలి. పైగా నీది ఉద్యోగం వీసా. వేరే సంపాదనకి ఇమ్మిగ్రేషన్ అనుమతి కావాలి. ఈ తలనొప్పి నీకెందుకు? ఎవరి టికెట్ వాళ్లే కొనుక్కుంటారు. ఏ రైలు, ఏ బోగీ అన్నది నువ్వు చెప్తే చాలు. కగయాకిలో అన్నీ రిజర్వుడు సీట్లే. నెల ముందు అదే తేదీన పొద్దున పదింటికి అమ్మకం మొదలవుతుంది, అందరినీ ఆ రోజే తీసుకోమను. వెళ్లేటప్పుడు ఎడమ కిటికీ సీట్లు పెద్దవాళ్లకి ఇవ్వండి. సొరంగాలు ఎక్కువే గానీ, ఆకాశం తేటగా ఉంటే తొయామా దగ్గర తతెయామా కొండలు కనిపిస్తాయి. టూరిస్టు వీసా మీద వచ్చిన అమ్మానాన్నలకైతే హోకురికు ఆర్చ్ పాస్ దొరుకుతుంది. టోక్యో నుంచి కనజావా మీదుగా ఒసాకా దాకా పనికొస్తుంది. తర్వాత క్యోటో వెళ్లే ఆలోచన ఉన్నవాళ్లకే అది లాభం.

సోమవారం మాత్రం పెట్టుకోకు. మ్యూజియంకి ఆ రోజు సెలవు. సోమవారం పండగొస్తే ఆ రోజు తెరిచి మర్నాడు మూస్తారు. వెళ్లే వారంలో వాళ్ల వెబ్‌సైట్ ఇంకోసారి చూడు. 2024 జనవరి 1న నోటో భూకంపానికి ప్రదర్శన గదుల పైకప్పు అద్దాలు ఊడిపడి, ఆ గదులు నెలల తరబడి మూతబడ్డాయి. మామూలు రోజుల్లో కూడా ప్రదర్శనలు మార్చేటప్పుడు కొన్ని గదులు మూస్తుంటారు.

ఇప్పుడు ఏవి ఉంచాలో చెప్తాను. మొదటిది 21వ శతాబ్దపు సమకాలీన కళా మ్యూజియం. దీనికి రెండున్నర గంటలు రాసుకో, ఒక్క నిమిషం తగ్గించకు. సెజిమా కజుయో, నిషిజావా ర్యూఎ అనే ఇద్దరు ఆర్కిటెక్టులు కట్టారు, 2004లో తెరిచారు. గుండ్రటి భవనం, చుట్టూ అద్దమే. ముందూ వెనకా అంటూ లేదు, ఏ వైపు నుంచైనా లోపలికి రావచ్చు. చూడ్డానికి బాగుంటుంది గానీ గుంపుని తీసుకెళ్లేవాళ్లకి ఇదే పెద్ద టెన్షన్. "గేటు దగ్గర కలుద్దాం" అన్నావంటే తలా ఒక గేటు దగ్గర నిలబడతారు. కలుసుకునే చోటు ఒక వస్తువు పేరుతో చెప్పు. పూల బొమ్మల గోడ, దాని ముందు ఊగే కుర్చీలు ఉంటాయి చూడు, అక్కడ. కూర్చుని ఎదురుచూడటానికీ హాయి.

లోపలికి వెళ్లగానే నీ మొదటి పని ఈతకొలను కింది భాగానికి టైమ్ స్లాట్ తీసుకోవడం. లియాండ్రో ఎర్లిచ్ అనే అర్జెంటీనా కళాకారుడు చేసిన కొలను అది. స్లాట్లు ఏ రోజువి ఆ రోజే ఇస్తారు, సెలవు రోజుల్లో తొందరగా అయిపోతాయి. స్లాట్ దొరికాక అందరినీ ముందు పైకి తీసుకెళ్లు, ఏమీ చెప్పకు. మామూలు కొలను లాగే నిచ్చెన ఉంటుంది, నీళ్లు కదులుతుంటాయి. వంగి చూస్తే అడుగున కోటు వేసుకున్న ఒకాయన తలెత్తి వీళ్లని చూస్తూ నిలబడి ఉంటాడు. పిల్లలు అరుస్తారు, పెద్దవాళ్లు రెయిలింగ్ పట్టుకుని ఇంకాస్త వంగుతారు. అద్దం మీద పది సెంటీమీటర్ల నీళ్లే ఉన్నాయని, కిందంతా ఖాళీ గది అని నువ్వు ముందే చెప్పేస్తే ఆ అరుపు రాదు. కిందకి దిగాక నీలం గోడల మీద వెలుతురు అలల్లా పాకుతుంటుంది, అప్పుడు వాళ్లే లెక్కలు కట్టుకుంటారు. అడిగినవాళ్లకి చెప్పు. వాన పడితే మాత్రం పై నుంచి చూడనివ్వరు.

ముందు చూడనివ్వడం, తర్వాత మాట్లాడటం ఈ ఒక్క చోటికే కాదు సింధూ, ఆ రోజంతా అంతే. నీకు చదువుకున్నది చెప్పేయాలనే ఆత్రం ఎక్కువ. మీ నాన్న పోలిక. శిల్పి అనీష్ కపూర్ గది తెరిచి ఉంటే అక్కడ ఇది మరీ ముఖ్యం. ముంబైలో పుట్టినవాడే గానీ "ఇది మన ఇండియా ఆయనది" అని గుమ్మంలోనే మొదలుపెట్టకు. ఎదురుగా వాలుగా కాంక్రీటు గోడ, దాని మీద పెద్ద నల్లటి కోలాకారం. అది గుంటో, ఉబ్బో, ఉత్త రంగో కంటికి అందదు. అయిదు నిమిషాలు వదిలేస్తే వాళ్లలో వాళ్లే వాదించుకుంటారు. ఎప్పుడూ ఫోన్లోంచి తల ఎత్తని మగవాళ్లు కూడా అక్కడ పందేలు కాస్తారు. ఆయన పేరు, ఊరు బయటికి వచ్చాక చెప్పు.

జేమ్స్ టరెల్ అనే అమెరికా కళాకారుడు చేసిన గదికి టికెట్ అక్కర్లేదు. నాలుగు గోడల వెంట బల్లలు, కప్పులో చదరంగా కోసిన ఖాళీ, అందులోంచి ఆకాశం. "ఇంతేనా?" అంటారు. ఇంతే అను, కూర్చోమను. ఒక పావుగంట కూర్చుంటే మబ్బు ఎంత వేగంగా కదులుతుందో తెలుస్తుంది. మోకాళ్లు లాగేవాళ్లకి అదే విశ్రాంతి. వాన రోజైతే ఆ కన్నంలోంచి నీళ్లు నేరుగా గది మధ్యలో పడతాయి, నాకైతే అప్పుడే ఇంకా బాగుంటుంది.

కూర్చోలేని పిల్లల్ని పచ్చికలోకి తోలెయ్. అక్కడ బాకాల్లాంటి గొట్టాలు పన్నెండు ఉన్నాయి, రెండేసి చొప్పున నేల కింద కలిసి ఉంటాయి. పక్కనున్నదే జత అనుకుంటే పొరపాటు. ఒకడు ఇక్కడ కేకేస్తే ఎక్కడో దూరంగా ఇంకోదాంట్లో వినిపిస్తుంది. జత వెతుక్కోవడంతో వాళ్లకి అరగంట ఇట్టే గడిచిపోతుంది. ఒక పెద్ద మనిషి తోడుండాలి.

రెండో చోటు వచ్చేవాళ్లని బట్టి ఎంచుకో. చేతిపని మీద ఆసక్తి ఉన్నవాళ్లు, చీరల నేత గురించి గంటలు మాట్లాడేవాళ్లు ఎక్కువుంటే ఇషికావా ప్రిఫెక్చర్ ఆర్ట్ మ్యూజియంకి నడిపించు, దగ్గరే. నొనొమురా నిన్‌సెయ్ 17వ శతాబ్దంలో చేసిన నెమలి జాతి పక్షి ఉంది అక్కడ. ధూపం వేసే పాత్ర అది, జపాన్ జాతీయ సంపదల్లో ఒకటి. మగపక్షి తోక వెనక్కి బారుగా, నేలకి తగలకుండా సాగి ఉంటుంది. మట్టితో అంత పొడుగు తోక చేసి, బట్టీలో వంగకుండా కాల్చి తీయడం ఎంత కష్టమో కుండలు చేసేవాళ్లకే తెలుస్తుంది. పక్కనే ఆడపక్షి, మెడ వెనక్కి తిప్పుకుని ఉంటుంది. ఆ గది ఒక్కటి చూపించి మిగతాది వాళ్ల ఇష్టానికి వదిలెయ్.

నెమ్మదస్తులు ఎక్కువుంటే డి.టి. సుజుకి మ్యూజియం. జెన్ బౌద్ధం గురించి ఇంగ్లీషులో రాసి ప్రపంచానికి పరిచయం చేసిన సుజుకి పుట్టింది ఈ ఊళ్లోనే, 1870లో. తనిగుచి యోషియో కట్టిన ఆ భవనాన్ని 2011లో తెరిచారు. చూసే వస్తువులు తక్కువ. పల్చటి నీళ్ల మడుగు, దాని పక్కన కూర్చునే ఖాళీ గది. నీళ్లు అద్దంలా ఉండగా ఉన్నట్టుండి ఒక చోట చిన్న అల పుట్టి గుండ్రంగా విచ్చుకుంటుంది. కాసేపటికి మళ్లీ ఇంకోటి. ఇక్కడ పిల్లలున్న కుటుంబాలకి ఊపిరాడదు, వాళ్లని కెన్‌రోకుఎన్‌కి పంపు. ప్రిఫెక్చర్ మ్యూజియం వెనక నుంచి ఇక్కడికి దిగే అడ్డదారి చాలా అందంగా ఉంటుంది గానీ నిటారు మెట్లు. మోకాళ్ల నొప్పులున్నవాళ్లని రోడ్డు మీదుగానే తీసుకురా.

కెన్‌రోకుఎన్ మధ్యలోనే ఉంది కాబట్టి ఒక ముప్పావుగంట నడవండి, చాలు. కోట, మార్కెట్, సమురాయ్ వీధి, హిగాషి చాయా కొట్టెయ్. ఒమిచో మార్కెట్ అంతా చేపలూ పీతలే, సగం మంది ముక్కు మూసుకుంటారు. బంగారు రేకు కావాలన్నవాళ్లకి స్టేషన్ దుకాణాల్లో దొరుకుతుంది. జపాన్‌లో బంగారు రేకు దాదాపు అంతా, నూటికి 99 వంతులు, ఈ ఊరిదే. మిల్లీమీటర్‌లో పదివేల వంతు మందం వచ్చేదాకా కొడతారు. హైదరాబాద్ పాతబస్తీలో మిఠాయిల మీదికి వెండి వరఖ్ కొట్టడం చూసినవాళ్లుంటే నువ్వు వివరించక్కర్లేదు, వాళ్లే అందరికీ చెప్తారు.

తిండి దగ్గర మొహమాటం వద్దు. వెజ్ అని చెప్తే చేప ముక్క తీసేసి అదే చేప పులుసు పోసి ఇస్తారు, దాషి అనే ఆ చేప నీళ్లు కూడా వద్దని విడిగా చెప్పాలి, పన్నెండు మందికి అది కుదిరే పని కాదు. పులిహోర, పెరుగన్నం కట్టించుకురమ్మను. బుల్లెట్ రైల్లో తినొచ్చు, ఎవరూ ఏమీ అనరు. ఇంగువ ఘాటు ఉన్నవి మాత్రం బోగీలో తెరవొద్దు. మధ్యాహ్నం మ్యూజియం దగ్గరే షీనోకి గెయ్‌హిన్‌కాన్ భవనం వెనక పెద్ద పచ్చిక ఉంది, దుప్పటి పరుచుకోవచ్చు. చెత్తబుట్టలు దొరకవు, సంచులు పట్టుకెళ్లు.

గొడుగు ప్రతి మనిషికీ. అన్నం డబ్బా మరిచినా గొడుగు మరవొద్దని ఆ ఊరివాళ్లే సామెత చెప్పుకుంటారు. పొద్దున ఎండ చూసి మోసపోకండి. మడత గొడుగైతే మంచిది, పొడుగువాటిని గుమ్మం దగ్గర స్టాండులో పెట్టాలి, వచ్చేటప్పుడు సగం మంది మర్చిపోతారు. బస్సుకి చిల్లర నాణేలు ఉంచుకోమను. వెనక తలుపులో ఎక్కి, ముందు తలుపు దగ్గర డబ్బులేసి దిగాలి. రైల్లో ఫోన్ వస్తే తలుపుల దగ్గరికి వెళ్లి మాట్లాడమని మొదటే అందరికీ చెప్పెయ్, ఒక్కొక్కరికి విడిగా చెప్తే నొచ్చుకుంటారు.

తిరుగు ప్రయాణానికి అరగంట ముందే స్టేషన్‌లో ఉండండి. డోలు ఆకారంలో చెక్కతో చేసిన ఆ పెద్ద గేటు ముందు ఫొటోలకే పది నిమిషాలు పడుతుంది. ఎవరైనా రైలు తప్పిపోతే కంగారు పడనివ్వకు. అదే రోజు తర్వాత వచ్చే హకుతకా రైల్లో రిజర్వేషన్ లేని బోగీలుంటాయి, అదే టికెట్‌తో అందులో రావచ్చు. మూడు గంటలు పడుతుంది, అంతే. వాళ్ల కోసం నువ్వు ఆగిపోకు, మిగతావాళ్లతో నువ్వు ఉండాలి. ఇది కూడా వాట్సాప్ గ్రూప్‌లో ముందే రాసి పెట్టు.

మార్చిన ప్లాన్ ఈ ఆదివారం లోపు పంపు, చూసి చెప్తాను. కింజి గారి దగ్గర తెచ్చిన నా మడత కుర్చీ మీ ఇంట్లోనే ఉంది, పెద్దవాళ్లెవరైనా వస్తుంటే అది కూడా పట్టుకెళ్లు.

ఉంటాను,
పెద్దమ్మ