నాన్న ఇచ్చే ఎక్స్: కూతుళ్ల ఆరోగ్యంపై పాఠకుల ప్రశ్నలు

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో చాలావాటిలో ఒకే మాట కనబడింది: "అది మగవాళ్ల జబ్బు కదా, ఆడపిల్లకేం కాదు." అందుకే తండ్రి నుంచి కూతురికి చేరే లక్షణాల మీద ఉత్తరాలన్నీ ఒకచోట చేర్చాం. ముందు ఒక్క లెక్క గుర్తుంచుకోండి. మగవాళ్లకు ఉండేది ఒకే ఎక్స్ క్రోమోజోమ్. అది కొడుకులకు వెళ్లదు, ప్రతి కూతురికీ దాదాపు ఉన్నదున్నట్టుగా వెళ్తుంది. మిగతా 22 జతల క్రోమోజోముల్లోని ఏ లోపమైనా కొడుక్కీ కూతురికీ సమానంగా, సగం సగం అవకాశంతో వస్తుంది.

ప్ర: మా నాన్నకు హీమోఫీలియా (రక్తం సరిగా గడ్డకట్టని జబ్బు). మోకాళ్లు వాచి ఎన్నోసార్లు ఆస్పత్రిపాలయ్యారు. నాకు ఏ ఇబ్బందీ లేదు. ఇప్పుడు 8వ వారం గర్భం. క్యారియర్‌నో కాదో టెస్టు చేయించుకోమని అత్తగారింట్లో అంటున్నారు. చేయించుకోనా?
– ఒక పాఠకురాలు, బోడుప్పల్

జ: అది తేల్చడానికి టెస్టు అక్కర్లేదు. హీమోఫీలియా జన్యువు ఎక్స్ మీదే ఉంటుంది. మీ నాన్నగారికి ఉన్న ఎక్స్ ఒక్కటే, అదే మీకు వచ్చింది. మీరు క్యారియరే. ఆ డబ్బూ సమయమూ వేరే పనులకు కావాలి. అవి ఈ వారమే మొదలుపెట్టాలి.

మొదటిది, నాన్నగారి ఫైలు వెతకండి. ఫ్యాక్టర్లంటే రక్తాన్ని గడ్డకట్టించే ప్రోటీన్లు. ఆయనకు తక్కువగా ఉన్నది ఫ్యాక్టర్ 8 అయితే హీమోఫీలియా ఏ, ఫ్యాక్టర్ 9 అయితే బీ. జన్యువులో ఏ మార్పు ఉందో తేలిందా అన్నది కూడా చూడండి. తేలకపోతే ముందుగా ఇవ్వాల్సింది ఆయన రక్తం, మీది కాదు. తీవ్రమైన హీమోఫీలియా ఏ ఉన్నవాళ్లలో దాదాపు సగం మందికి కారణం ఇంట్రాన్ 22 ఇన్వర్షన్, అంటే జన్యువులో ఒక ముక్క తిరగబడి అతుక్కోవడం. మామూలు సీక్వెన్సింగ్‌లో (జన్యువు అక్షరాలు చదివే పరీక్షలో) ఇది చిక్కదు. "మార్పు కనబడలేదు" అన్న పాత రిపోర్టు చేతిలో ఉంటే, ఇన్వర్షన్ విడిగా చూశారా అని ల్యాబ్‌ను అడగాల్సిందే.

రెండోది, మీ సొంత ఫ్యాక్టర్ స్థాయి. క్యారియర్ అంటే జబ్బు మోసేది మాత్రమే, తనకేం కాదు అనుకోవడం పాతకాలపు మాట. ఆడవాళ్ల ప్రతి కణంలోనూ రెండు ఎక్స్‌లలో ఒకటి నిద్రపోతుంది. ఏది నిద్రపోవాలన్నది యాదృచ్ఛికం. ఈ సంగతిని 1961లో మేరీ లయన్ ప్రతిపాదించారు. మంచి ఎక్స్ ఎక్కువ కణాల్లో నిద్రపోయిందా, ఫ్యాక్టర్ పడిపోతుంది. 40 శాతం కంటే తక్కువ ఉంటే అది స్వల్ప హీమోఫీలియానే. నెలసరి వారం దాటి సాగడం, పన్ను తీయిస్తే రెండు మూడు రోజులు రక్తం ఊరడం, చిన్న దెబ్బకే పెద్దగా కమిలిపోవడం మీకు అలవాటై ఇబ్బందిలా అనిపించకపోయి ఉండొచ్చు. డాక్టరు అడగకపోయినా చెప్పండి.

ఈ పరీక్ష ఇప్పుడే ఎందుకంటే, గర్భం ముదిరేకొద్దీ ఫ్యాక్టర్ 8 పెరుగుతుంది. ఏడో నెలలో చూసి "మామూలుగానే ఉంది" అనుకుంటే అసలు స్థాయి తెలియదు. ఫ్యాక్టర్ 9 అలా పెరగదు. ఇప్పుడొకసారి, 32-34 వారాల మధ్య మరోసారి చూడాలి. రక్తం నీలం మూత సిట్రేట్ గొట్టంలో, గీత వరకు సరిగ్గా నిండాలి. సగమే నింపినా, తీసిన నాలుగు గంటల్లోపు ల్యాబ్‌లో పని మొదలు కాకపోయినా ఫలితం తప్పుగా తక్కువ వస్తుంది. ఇంటికొచ్చి తీసుకెళ్లే శాంపిల్ సేవలకు ఈ పరీక్ష ఇవ్వకండి. ఎండాకాలంలో అసలే వద్దు.

మూడోది, బిడ్డ. ప్రతి కాన్పులోనూ అబ్బాయికి జబ్బు వచ్చే అవకాశం సగం, అమ్మాయి క్యారియర్ అయ్యే అవకాశం సగం. ముందే తెలుసుకోవాలనుకుంటే 11-13 వారాల మధ్య మాయ నుంచి చిన్న ముక్క తీసి చూస్తారు, లేదా 15 వారాలు దాటాక ఉమ్మనీరు తీస్తారు. నాన్నగారి జన్యుమార్పు తెలిసి ఉంటేనే ఇవి పనికొస్తాయి. ఆ రిపోర్టుకే కొన్ని వారాలు పట్టొచ్చు, తొందర అందుకే. లింగ నిర్ధారణ నిషేధ చట్టం (1994) ఇలాంటి ఎక్స్ సంబంధిత జబ్బుల పరీక్షకు అడ్డు కాదు. రిజిస్టరైన కేంద్రంలోనే చేయాలి, ఆడా మగా చెప్పరు, మీరూ అడగకూడదు.

పరీక్ష వద్దనుకున్నా కాన్పు ప్లాను రాతలో ఉండాలి. వాక్యూమ్, ఫోర్సెప్స్ వాడకూడదు. వెన్నులో మత్తు ఇవ్వాలంటే అప్పటి ఫ్యాక్టర్ కనీసం 50 శాతం ఉందా అని చూడాలి. పుట్టగానే బొడ్డుతాడు రక్తంతో ఫ్యాక్టర్ పరీక్ష చేయించి, ఫలితం వచ్చేదాకా కండకు ఇచ్చే ఇంజెక్షన్లు ఆపాలి. కాన్పయ్యాక మీ ఫ్యాక్టర్ 8 మళ్లీ దిగిపోతుంది. రెండు మూడు వారాల తర్వాత ఒక్కసారిగా రక్తస్రావం ఎక్కువైతే "బాలింతలకు మామూలే" అని ఇంట్లో కూర్చోబెట్టనివ్వకండి. నొప్పులకు పారాసిటమాల్ చాలు. ఆస్పిరిన్, ఇబుప్రొఫెన్ దగ్గరికి రానివ్వొద్దు.

ప్ర: మా మేనత్తకు 42 ఏళ్లకే రొమ్ము క్యాన్సర్, నాయనమ్మకు అండాశయ క్యాన్సర్. నాన్న ఆరోగ్యంగా ఉన్నారు. చెకప్‌కు వెళ్తే "అమ్మ వైపు ఎవరికైనా ఉందా" అని అడిగారు. లేదన్నాను, అయితే భయం లేదన్నారు. నిజమేనా?
– ఒక పాఠకురాలు, కూకట్‌పల్లి

జ: నిజం కాదు. ఈ క్యాన్సర్లతో ముడిపడ్డ బీఆర్‌సీఏ1 జన్యువు 17వ క్రోమోజోమ్ మీద, బీఆర్‌సీఏ2 13వ దాని మీద ఉంటాయి. తండ్రి నుంచి వచ్చినా తల్లి నుంచి వచ్చినా ముప్పు ఒకటే. మగవాళ్లలో అది బయటపడేది తక్కువ కాబట్టి తరం దాటేసినట్టు కనబడుతుంది, అంతే.

పరీక్ష మీతో మొదలుపెట్టొద్దు. మేనత్త ఉంటే మొదట ఆవిడకు. జబ్బు వచ్చినవాళ్లలో చూస్తేనే ఫలితానికి అర్థం ఉంటుంది. ఆవిడలో లోపం దొరికితే ఆ ఒక్క మార్పు కోసం నాన్నగారికి చూస్తారు. ఆయనకు ఉండే అవకాశం సగం, అంటే ఈ రోజు లెక్కలో మీకు నాలుగో వంతు. ఆయనకు లేదని తేలితే నాయనమ్మ వైపు నుంచి మీకు వచ్చే దారి మూసుకుపోయినట్టే. ఉంటే ఆయన కూడా జాగ్రత్తపడాలి. ముఖ్యంగా బీఆర్‌సీఏ2 అయితే ప్రోస్టేట్ పరీక్షలు 40 నుంచే మొదలు, ఛాతీలో గడ్డ తగిలితే మగవాడినే కదా అని వదిలేయకూడదు.

ఆర్డరు రాసేటప్పుడు సీక్వెన్సింగ్‌తో పాటు ఎంఎల్‌పీఏ కూడా ఉందా చూడండి. జన్యువులో పెద్ద ముక్క పోయిన కేసులు అది లేకపోతే తప్పిపోవచ్చు. రిపోర్టులో "వీయూఎస్" అని వస్తే, ఆ మార్పు హానికరమో కాదో ఇంకా తేలలేదని అర్థం. దాన్ని చూసి ఆపరేషన్‌కు తొందరపడటం పొరపాటు.

లోపం మీకూ ఉందని తేలితే 80 ఏళ్లలోపు రొమ్ము క్యాన్సర్ ముప్పు సుమారు 70 శాతం. అండాశయ క్యాన్సర్ బీఆర్‌సీఏ1లో సుమారు 44, బీఆర్‌సీఏ2లో 17 శాతం. 25 నుంచి ఏటా రొమ్ము ఎంఆర్‌ఐ, 30 నుంచి మామోగ్రామ్ కలుపుతారు. అండాశయానికి అలాంటి నమ్మకమైన స్క్రీనింగ్ లేదు. అందుకే పిల్లలు చాలనుకున్నాక, బీఆర్‌సీఏ1లో 35-40 మధ్య, బీఆర్‌సీఏ2లో 40-45 మధ్య, అండాశయాలు, ఫెలోపియన్ నాళాలు తీయించుకోమని సలహా ఇస్తారు.

ప్ర: మావారికి జీ6పీడీ (ఎర్రకణాలను కాపాడే ఎంజైమ్) లోపం. మా పాపకు మూడేళ్లు. స్పాట్ టెస్టులో నార్మల్ అని వచ్చింది. ఇక మర్చిపోవచ్చా?
– ఒక పాఠకురాలు, టోలిచౌకి

జ: మర్చిపోవద్దు. ఈ జన్యువూ ఎక్స్ మీదే ఉంటుంది కాబట్టి లోపం ఉన్నది పాపకు తప్పకుండా వచ్చింది. ఎర్రకణాల్లో కొన్ని మంచివి, కొన్ని లోపమున్నవి కలిసి ఉంటాయి కాబట్టి ఉందా లేదా అని మాత్రమే చెప్పే స్పాట్ టెస్టు ఇలాంటి అమ్మాయిల్ని తరచూ వదిలేస్తుంది. ఎంజైమ్ ఎంతుందో అంకెలో చెప్పే క్వాంటిటేటివ్ పరీక్ష చేయించండి. రక్తకణాలు విరిగిన జబ్బు వచ్చి ఉంటే రెండు మూడు నెలలు ఆగాలి. అప్పుడే పుట్టిన లేత కణాల్లో ఎంజైమ్ నిండుగా ఉండి ఫలితం నార్మల్‌గా కనబడుతుంది.

బట్టల బీరువాలో కలరా ఉండలు తీసేయండి. ఆ నాఫ్తలీన్ వాసన పట్టిన పాత ఉన్ని బట్టలు పసిపిల్లలకు కట్టడం వల్ల కూడా కణాలు విరుగుతాయి. డాప్సోన్, మలేరియాకు ఇచ్చే ప్రైమాక్విన్, మూత్ర ఇన్ఫెక్షన్‌కు వాడే నైట్రోఫ్యురంటాయిన్ పేర్లు టీకాల పుస్తకం మొదటి పేజీలో ఎర్ర ఇంకుతో రాయించండి. తినకూడని ఫావా బీన్స్ వేరు, మన పందిరి చిక్కుడు వేరు, అది మానేయక్కర్లేదు. మందు పడ్డ ఒకటి నుంచి మూడు రోజుల్లో పాప పాలిపోయి, కళ్లు పచ్చబడి, మూత్రం ముదురు డికాషన్ రంగులో వస్తే తెల్లారేదాకా ఆగకండి.

ప్ర: మా తమ్ముడికి ఎరుపు-ఆకుపచ్చ తేడా తెలియదు. మా అమ్మాయిని అతనికే ఇవ్వాలని అమ్మ పట్టు. పుట్టే ఆడపిల్లలకు వస్తుందా?
– ఒక పాఠకురాలు, మల్కాజ్‌గిరి

జ: మీ అమ్మగారు క్యారియర్. మీరయ్యే అవకాశం సగం, మీ అమ్మాయి నాలుగో వంతు. పుట్టే పాపకు తండ్రి ఎక్స్‌తో ఒక లోపం ఖాయం, తల్లి నుంచి కూడా వస్తేనే వర్ణాంధత్వం. అది ఎనిమిదో వంతు. అబ్బాయికీ అంతే. మీకు వర్ణాంధత్వం ఉన్న కొడుకు ఉంటే మీరు క్యారియరని తేలినట్టే, ఈ లెక్కలు రెట్టింపవుతాయి.

ఇంతకీ ఈ సంబంధంలో ఆలోచించాల్సింది రంగుల గురించి కాదు. మేనమామ, మేనకోడలి జన్యువుల్లో నాలుగో వంతు ఉమ్మడివి. బావామరదళ్లలో అది ఎనిమిదో వంతు. ఇద్దరిలోనూ దాగి ఉన్న లోపం ఒకటే అయితే ప్రతి బిడ్డకూ 25 శాతం ముప్పు. కనీసం తలసీమియాకు, అంటే సీబీపీ (రక్తకణాల లెక్క)తో పాటు హెచ్‌బీఏ2 అనే హీమోగ్లోబిన్ రకాన్ని చూసే హెచ్‌పీఎల్‌సీ పరీక్షకు, ఇద్దరూ రక్తమివ్వాలి. ఐరన్ లోపం ఉంటే ముందు అది సరిచేయాలి, లేకపోతే హెచ్‌బీఏ2 తగ్గి కనబడి క్యారియర్ తప్పిపోవచ్చు. ముహూర్తం పెట్టుకున్నాక కాదు, ముందే.

ప్ర: నాన్నకు 67, చేతులు వణుకుతాయి, నడక తూలుతుంది. నాకు 36కే నెలసరి ఆగింది. అక్క కొడుకుకు మాటలు ఆలస్యం, ఆటిజం అన్నారు. ఎక్సోమ్ టెస్టులో (జన్యువుల్లోని ముఖ్య భాగాలు చదివేది) ఏమీ రాలేదు. వీటికేమైనా సంబంధముందా?
– ఒక పాఠకురాలు, సైనిక్‌పురి

జ: ఉండొచ్చు, అందుకే అడగడం మంచిదైంది. ఎక్స్ మీద ఎఫ్ఎంఆర్1 జన్యువులో సీజీజీ అనే అక్షరాల వరుస పదేపదే వస్తుంది. 55 నుంచి 200 సార్లుంటే ప్రీమ్యుటేషన్ (పూర్తి లోపానికి ముందు దశ), 200 దాటితే ఫ్రాజైల్ ఎక్స్ అనే ఎదుగుదల లోపం జబ్బు. తండ్రి దగ్గర ప్రీమ్యుటేషన్ ఉంటే కూతుళ్లందరికీ వెళ్తుంది గానీ ప్రీమ్యుటేషన్‌గానే ఉంటుంది. కూతురి నుంచి ఆమె బిడ్డకు వెళ్లేటప్పుడు పొడుగు పెరగొచ్చు. తాతకు వణుకు, కూతురికి తొందరగా నెలసరి ఆగడం (ప్రీమ్యుటేషన్ ఉన్నవాళ్లలో సుమారు 20 శాతానికి), మనవడికి ఎదుగుదల లోపం, మూడూ ఒకే జన్యువు నుంచి రావొచ్చు. పార్కిన్సన్స్ వంటి వేరే కారణాలూ ఉంటాయి కాబట్టి పరీక్ష చేయనిదే తేలదు.

మామూలు ఎక్సోమ్ పరీక్ష ఈ పొడుగును లెక్కపెట్టదు. క్రోమోజోముల సంఖ్య, ఆకారం చూసే కారియోటైప్ కూడా అంతే. "ఎఫ్ఎంఆర్1 సీజీజీ రిపీట్" అని పేరు పెట్టి, మొదట అబ్బాయికి రాయించండి. అన్నదమ్ములుంటే వాళ్లకు నాన్న వైపు నుంచి ఇది రాదు. ఫలితం ఏదైనా 36కే ఆగిన నెలసరిని వదిలేయకండి. ఎముకల కోసం, గుండె కోసం దాదాపు 50 ఏళ్ల వరకు హార్మోన్లు అవసరమా అని గైనకాలజిస్టును అడగండి.

ప్ర: నాన్న 175 సెంటీమీటర్లు, నేను 155. పాప ఎంత ఎత్తవుతుంది?
– ఒక పాఠకురాలు, దిల్‌సుఖ్‌నగర్

జ: తండ్రి ఎత్తులోంచి 13 తీసి, తల్లి ఎత్తు కలిపి, రెండుతో భాగించండి. మీవారి ఎత్తు 175 అనుకుంటే 158.5. అటూ ఇటూ 8.5 వరకు తేడా సహజం. తండ్రి పోలిక వస్తే అదృష్టమంటారు, దానికి మా దగ్గర లెక్క లేదు.

ప్ర: హైదరాబాద్‌లో జన్యు సలహాకు ఎక్కడికి వెళ్లాలి? ఏం తీసుకెళ్లాలి?
– ఒక పాఠకుడు, ఎల్.బి.నగర్

జ: పంజాగుట్ట నిమ్స్‌లో మెడికల్ జెనెటిక్స్ విభాగం ఉంది. బేగంపేటలో ఉస్మానియా విశ్వవిద్యాలయానికి చెందిన జన్యు వ్యాధుల ఆస్పత్రి, ఉప్పల్‌లో జన్యు పరీక్షలు చేసే సీడీఎఫ్‌డీ ఉన్నాయి. వెళ్లేముందు కాగితం మీద మూడు తరాలు గీయండి. మగవాళ్లకు చతురస్రం, ఆడవాళ్లకు వృత్తం. నాన్న వైపు, అమ్మ వైపు విడివిడిగా. ఎవరికి ఏ జబ్బు, ఏ వయసులో, చనిపోతే దేనితో. మేనరికం ఉంటే ఇద్దరి మధ్య జంట గీత గీయండి. పోయిన గర్భాలు, పురిట్లో పోయిన పిల్లల సంగతి దాచొద్దు. ల్యాబ్ రిపోర్టుల సారాంశం కాదు, పూర్తి కాగితాలే కావాలి. నాన్నగారు రాగలిగితే వెంట తీసుకెళ్లండి, ఆయన రక్తం అవసరమైతే మళ్లీ తిరగక్కర్లేదు.