13 నిమిషాల లెక్క

చి.సౌ. అమ్మాయికి,
టెక్సస్‌లోని షుగర్‌లాండ్ నుంచి పెద్దమ్మ ఆశీస్సులు.

మీ అత్తగారిని చేర్చాలనుకుంటున్న ఫ్రిస్కో అసిస్టెడ్ లివింగ్ హోము, అదే, పెద్దవాళ్ళు గది తీసుకుని రోజువారీ పనులకి సాయం పొందుతూ ఉండే ఇల్లు, దాని ఫొటోలు చూశాను. హాల్లో షాండ్లియర్, మూలన పియానో, బల్ల మీద పళ్ళ బుట్ట. బాగానే ఉంది గానీ, మీ అత్తగారు పియానో వాయించరు కదే! ఈసారి వెళ్ళినప్పుడు గోడకి తగిలించిన లైసెన్సు ఫొటో తీసి పంపు. దాని మీద టైప్ ఎ అని ఉందా, టైప్ బి అని ఉందా చూడు. మిగతావన్నీ ఆ ఒక్క అక్షరం తర్వాతే.

న్యూజెర్సీలో ఉన్న మీ ఆడపడుచు ఏవేవో రూల్స్ చెప్పిందన్నావు. అక్కడివి ఫ్రిస్కోలో చెల్లవు. నర్సులు రోజంతా చూసుకునే నర్సింగ్ హోములకైతే 1987లో వచ్చిన కేంద్ర చట్టం ఉంది. అసిస్టెడ్ లివింగ్‌కి అలాంటిదేమీ లేదు, ఏ రాష్ట్రం పద్ధతి ఆ రాష్ట్రానిదే. కాలిఫోర్నియాలో అయితే వీటికి పేరే వేరు. మనకి, ఈ లైసెన్సులిచ్చే టెక్సస్ హెల్త్ అండ్ హ్యూమన్ సర్వీసెస్ కమిషన్ ఏం చెబితే అదే.

ఇక ఆ అక్షరం సంగతి. టైప్ ఎ అంటే, నిప్పు అంటుకుంటే ఎవరూ చెయ్యి పట్టుకోకుండా తనంతట తాను బయటపడగల మనిషికి. వీల్ చెయిర్ ఉన్నా పరవాలేదు, కానీ మంచం మీంచి అందులోకి తనే మారగలగాలి, చెప్పిన మాట అర్థం చేసుకుని కదలాలి. ఫైర్ డ్రిల్‌లో, అంటే నిప్పు అంటుకుందనుకుని బయటపడే అభ్యాసంలో, 13 నిమిషాల్లోపు తన గదిలోంచి హాల్లోకి రావాలి. రాత్రి నిద్రలో ఒకరు కనిపెట్టుకుని ఉండాల్సిన అవసరం ఉండకూడదు. టైప్ బి అంటే ఇవి చెయ్యలేనివాళ్ళకి. లేపి కూర్చోబెట్టాల్సినవాళ్ళు, గంట మోగితే ఎటు వెళ్ళాలో తెలియనివాళ్ళు అక్కడ ఉండొచ్చు. పూర్తిగా మంచానపడితే మాత్రం అక్కడా కుదరదు.

మీ పెద్దనాన్నని మొదట చేర్చింది టైప్ ఎ లోనే. చేర్చుకునేటప్పుడు ఆయన చేతికర్రతో నడిచేవారు. ఐదు నెలలకి రాత్రిళ్ళు లేవడం కష్టమైంది. ఒక డ్రిల్‌లో ఆయన మంచం అంచున కూర్చుని, చెప్పుల కోసం కాలితో తడుముకుంటూ ఉండిపోయారట. ఆ తర్వాత వారానికే 30 రోజుల్లో ఖాళీ చెయ్యమని నా చేతిలో నోటీసు పెట్టారు. చేర్చుకున్న రోజున ఈ 13 నిమిషాల మాట ఒక్కరూ ఎత్తలేదు. ఎంత కోపం వచ్చిందో చెప్పలేను, కానీ రూలు ప్రకారం వాళ్ళు చేసింది తప్పు కాదు. నోటీసు లేకుండా సామాను బయట పెట్టే హక్కు వాళ్ళకి లేదు, ఏదో అత్యవసరమైతే తప్ప. అంతవరకే రూలు నాకు సాయపడింది.

అప్పుడు నాకు తెలియని దారి ఇంకొకటుంది. మనిషి పరిస్థితి మారినా అదే చోట ఉంచమని అడగొచ్చు. ఉంచితే ప్రమాదం లేదని డాక్టరు రాయాలి, ఉంటామని మనం రాయాలి, చూసుకోగలమని హోము వాళ్ళు రాయాలి. అప్పుడు కమిషన్ అనుమతి ఇస్తే ఉండనిస్తారు. హోముకి ఇష్టం లేకపోతే మాత్రం ఆ కాగితం కదలదు. అందుకని చేర్చే ముందే మేనేజర్ని సూటిగా అడుగు: "ఇలాంటి అనుమతి ఇదివరకు ఎవరికైనా తెప్పించారా?" ఆవిడ నీళ్ళు నమిలితే నీకు జవాబు దొరికినట్టే. మీ అత్తగారికి మోకాళ్ళు ఇప్పుడే అంతంతమాత్రంగా ఉన్నాయి కనుక, నన్నడిగితే మొదటే టైప్ బి చూడు.

ఇంకో కారణం కూడా ఉంది. టైప్ బి లో రాత్రి డ్యూటీ మనిషి మెలకువగా ఉండి తీరాలి, ఎన్ని మంచాలున్నా సరే. టైప్ ఎ లో 16 మంచాలు, అంతకన్నా తక్కువ ఉన్న చిన్న ఇళ్ళలో ఆ మనిషి అందుబాటులో ఉంటే చాలు, నిద్రపోవచ్చు. ఇంతమందికి ఇంతమంది అని టెక్సస్ ఏ లెక్కా పెట్టలేదు. సరిపడా మనుషులుండాలి అంటుంది, అంతే. కాకపోతే ఏ షిఫ్టులో ఎంతమందో రాసి గోడకి పెట్టాలి. ఆ కాగితం చూడు, తర్వాత మనుషుల్ని లెక్కపెట్టు.

నీ ఫ్రెండు వాట్సాప్‌లో పంపిన ఆ ఇల్లు సంగతి. "మనవాళ్ళే నడుపుతున్నారు, ఇంటి భోజనం, ముగ్గురే పెద్దవాళ్ళు" అని ఉంది కదా. బంధువులు కాని నలుగురు లేక అంతకన్నా ఎక్కువ మంది ఉంటేనే ఇక్కడ ఈ లైసెన్సు కావాలి. ముగ్గురే ఎందుకో ఇప్పుడు అర్థమైందా? వాళ్ళు చెడ్డవాళ్ళని అనను, పప్పూ చారూ నిజంగానే బాగుండొచ్చు. ఒక ఇన్‌స్పెక్టరు ఎప్పటికీ గడప తొక్కని ఇంట్లో, ఇన్సులిన్ వేసుకునే మనిషిని వదలడానికి నాకైతే మనసొప్పదు. లైసెన్సున్న చోట, తన మందులు తను వేసుకోలేని మనిషికి నర్సో, పర్మిటు ఉన్న మెడికేషన్ ఎయిడో, నర్సు అప్పగించిన మనిషో ఇవ్వాలి. అలాగని నర్సు రోజంతా అక్కడే కూర్చుని ఉంటుందనుకోకు.

తిండి గురించి నువ్వు ఎక్కువ బెంగ పెట్టుకున్నావు. రోజుకి మూడు పూటలు పెట్టాలి, రాత్రి భోజనానికీ పొద్దుటి టిఫినుకీ మధ్య 16 గంటలు దాటకూడదు. అంటే సాయంత్రం ఐదింటికి డిన్నరు, పొద్దున ఎనిమిదింటికి టిఫిను పెడితే రూలు తప్పలేదన్నమాట! మన ఇళ్ళల్లో రాత్రి ఎనిమిదిన్నరకి గానీ కంచం ముందు కూర్చోం. షుగరు మనిషి రాత్రి పదింటికి నీరసపడితే ఏమిస్తారో అగ్రిమెంటులో రాయించు. శాకాహారం కూడా. వాళ్ళ దృష్టిలో కూరగాయల సూపుని చికెన్ నీళ్ళతో కాస్తే అదీ శాకాహారమే.

డబ్బు సంగతి అల్లుడికి ముందే చెప్పు. మెడికేర్, అంటే పెద్దవాళ్ళకిచ్చే ప్రభుత్వ ఆరోగ్య బీమా, ఈ అద్దె కట్టదు. మీ అత్తగారికి గ్రీన్ కార్డు వచ్చి ఐదేళ్ళు కాలేదు కాబట్టి, డబ్బు లేనివాళ్ళకిచ్చే ప్రభుత్వ బీమా మెడికెయిడ్ ఊసే ఎత్తక్కర్లేదు.

హోము ఏమేం చేస్తుందో రాసి ఉండే డిస్క్లోజర్ స్టేట్‌మెంట్ అని ఒక కాగితం ఉంటుంది, చేరబోయేవాళ్ళకి అది ఇచ్చి తీరాలి. బ్రోషరు పక్కన పడేసి అది చదువు. ఆఖరి తనిఖీలో ఏం తేలిందో క్లుప్తంగా రాసి గోడకి పెట్టాలి, పూర్తి రిపోర్టు అడిగితే చూపించాలి. "మతిమరుపు వాళ్ళని ప్రత్యేకంగా చూస్తాం" అని ప్రకటన ఇచ్చుకుంటే దానికి విడిగా అల్జైమర్స్ సర్టిఫికెట్ ఉండాలి. గదిలో కెమెరా పెట్టుకోవడం ఈ రాష్ట్రంలో మన హక్కు. ఫారం నింపాలి, గదిలో ఇంకొకరుంటే వాళ్ళ ఒప్పుకోలు కావాలి. కెమెరా పెట్టారని ఎవరినీ వెళ్ళగొట్టకూడదు.

జనరేటరు మర్చిపోకు. 2024 జూలైలో బెరిల్ తుపాను వచ్చినప్పుడు హ్యూస్టన్ చుట్టుపక్కల ఇరవై లక్షలకు పైగా కనెక్షన్లకు కరెంటు పోయింది. అప్పటికి మీ పెద్దనాన్న రెండో హోములో ఉన్నారు. జనరేటరు ఉందన్నారు, నిజమే, ఉంది. వరండా లైట్లకీ ఫ్రిజ్‌కీ మాత్రమే. ఆ ఎండలో నేను తడిగుడ్డతో ఆయన వీపు తుడుస్తూ రెండు రోజులు కూర్చున్నాను. "జనరేటరు ఉందా" అని అడక్కు, "ఏ గదికి ఏసీ నడుస్తుంది, ఎన్ని గంటలకి ఇంధనం ఉంది" అని అడుగు.

వృద్ధాశ్రమంలో పడేశారని గుంటూరులో ఎవరో అన్నారని ఏడ్చావట, మీ అమ్మ చెప్పింది. నన్నూ అన్నారులే. అన్నవాళ్ళెవరూ రాత్రి రెండింటికి ఆయన్ని బాత్రూముకి తీసుకెళ్ళడానికి రాలేదు.

శుక్రవారం బస్సుకి వస్తున్నాను, గోంగూర పచ్చడి తెస్తాను. సంతకాలు నేను వచ్చేదాకా ఆపు. శనివారం రాత్రి పదింటికి మనిద్దరం ఆ హోముకి వెళ్ళి బెల్లు కొడదాం. తలుపు తీసే మనిషి కళ్ళు చూడాలి.

ఇట్లు,
పెద్దమ్మ