భర్త పోయాక మామగారి పేరు మీదున్న ఇంట్లోంచి కోడల్ని వెళ్లగొట్టవచ్చా?

గృహహింస చట్టం భర్త బతికున్నవాళ్లకేనా, ఇల్లు మామగారి పేరున ఉంది కాబట్టి నేనూ బాబూ బయటికి పోవాల్సిందేనా అని అడిగారు. రెండింటికీ జవాబు కాదనే. మీ బావగారు చెయ్యి చేసుకోవడం, గదికి తాళం వేయడం ఆ చట్టం కిందికే వస్తాయి.

మా ఆయన పోయాక నేనూ ఇదే పడ్డాను. అందుకే ముందు ఒక్క మాట చెబుతాను చెల్లీ: ఆ ఇంట్లో ఉండే హక్కు వేరు, ఆస్తిలో వాటా వేరు. రెండూ ఒకటే అన్నట్టు మాట్లాడి మనల్ని బెదరగొడతారు.

ఉండే హక్కుకి ఇల్లు మన పేరున ఉండక్కర్లేదు. 2005 గృహహింస చట్టం 17వ సెక్షన్ అదే చెబుతుంది. అత్తమామల సొంత ఇంటికి ఇది వర్తించదని 2006లో సుప్రీంకోర్టు అన్నా, 2020లో సతీశ్ చందర్ అహూజా కేసులో ఆ తీర్పు తప్పని తేల్చింది. 2022 నాటి ప్రభా త్యాగి తీర్పు మీ లాయరుకి తప్పక చూపించండి. ఆవిడ కూడా భర్తను పోగొట్టుకున్న మనిషే. ఆ కుటుంబంతో ఒకప్పుడు కలిసి ఉన్న సంబంధం ఉంటే చాలు, కేసు వేసే నాటికి అది కొనసాగక్కర్లేదని కోర్టు చెప్పింది. అయితే ఇది శాశ్వత హక్కు కాదు. చట్టప్రకారం కోర్టుకెళ్లి ఖాళీ చేయించుకునే వీలు మీ మామగారికి ఉంటుంది. అంతేగానీ సామాను వీధిలో పడేసి కాదు.

మా ఇంట్లో పెద్దకర్మ అయిన కొద్ది రోజులకే పెద్దమనుషుల్ని కూర్చోబెట్టారు. "పిల్ల పెళ్లి మేం చేస్తాం, నువ్వు సంతకం పెట్టు" అన్నారు. ముందుంచింది రిలీజ్ డీడ్, అంటే వాటా వదులుకుంటున్నానని రాసిచ్చే పత్రం. నేను పెట్టలేదు. మా అమ్మ ఏడ్చి పుట్టింటికి వచ్చేయమంది, లాయరమ్మ మాత్రం ప్రాణభయం లేనంతవరకూ ఇల్లు వదలొద్దంది. దానికి కారణం ఆవిడ చెప్పేదాకా నాకు తెలీదు: ఉమ్మడి స్వాధీనంలో ఉంటూ భాగపంపిణీ దావా (ఆస్తిలో వాటా పంచమని అడిగే కేసు) వేస్తే కోర్టు ఫీజు కొద్దిగానే అవుతుంది, బయటికి నెట్టేశాక వేస్తే వాటా విలువను బట్టి కట్టాలి. కానీ కొట్టుడు ఎక్కువైతే ఫీజు లెక్కలు చూడకండి, మహిళా హెల్ప్‌లైన్ 181కి ఫోన్ చేసి బాబుని తీసుకుని వచ్చేయండి.

కేసుకి జిల్లా మహిళా శిశు సంక్షేమ శాఖలో ప్రొటెక్షన్ ఆఫీసర్‌ని కలవండి. జరిగిందంతా ఆయన నివేదికగా రాసి మేజిస్ట్రేటుకి పంపాలి. జిల్లా న్యాయసేవాధికార సంస్థలో ఆడవాళ్లకి ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయరునిస్తారు. అరవై రోజుల్లో తేల్చాలని చట్టంలో ఉన్నా చాలా కేసులు అంతకంటే సాగుతాయి, కాబట్టి మొదటిరోజే మధ్యంతర ఉత్తర్వు (కేసు తేలేదాకా ఉండే ఆదేశం) అడగండి: ఇంట్లోంచి తీసేయకూడదని, ఇల్లు అమ్మకూడదని, మీ బంగారం తిరిగివ్వాలని. ఉత్తర్వు మీరితే ఏడాది వరకు జైలు. అత్తగారిని బయటికి పంపమని మాత్రం అడగొద్దు, ఆడవాళ్ల మీద ఆ ఉత్తర్వు ఇవ్వరు.

ఇక వాటా. సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసులో ఈసీ (ఆ ఇంటి మీద జరిగిన రిజిస్ట్రేషన్ల వివరాలుండే పత్రం) తీయించి, ఇల్లు పిత్రార్జితమా, మామగారి స్వార్జితమా ముందు తేల్చుకోండి. పిత్రార్జితమైతే మీవారి వాటా మీకు, బాబుకి, అత్తగారికి సమానంగా వస్తుంది. స్వార్జితమైతే మామగారు ఉన్నంతకాలం వాటా అడగలేరు, ఆయన ఎవరికైనా రాసివ్వొచ్చు. వీలునామా లేకుండా పోతే మాత్రం మీవారి భాగం మీకూ బాబుకీ దక్కుతుంది. మళ్లీ పెళ్లి చేసుకుంటే పోతుందని ఎవరన్నా అంటే నమ్మకండి, ఆ నిబంధన 2005లోనే తీసేశారు.

తహసీల్దారు ఆఫీసులో ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్‌కి ఇప్పుడే అర్జీ పెట్టండి, మీవారి మరణ ధ్రువపత్రం, ఆధార్ నకళ్లు పుట్టింట్లో దాచండి. ఒకవేళ ఇప్పటికే అక్కడికి వచ్చేసినా దిగులుపడకండి. గృహహింస కేసు మీరు తాత్కాలికంగా ఉంటున్న ఊరి కోర్టులోనూ వేయొచ్చు, వాయిదాలకి అత్తగారి ఊరు తిరగక్కర్లేదు.