పేద పిల్లలు ప్రైవేటు స్కూలు ఫీజు ఎలా కడతారు? అమెరికాలోని క్రిస్టో రే పద్ధతి

"తక్కువ ఆదాయం ఉన్న కుటుంబాల పిల్లలకే సీట్లిచ్చే ప్రైవేటు హైస్కూలు ఎలా నడుస్తుంది? డబ్బు ఎక్కడి నుంచి వస్తుంది?" అని అడిగారు.

షికాగోలో పిల్సెన్ అనే పేట ఉంది. అక్కడ మెక్సికో నుంచి వలస వచ్చిన కుటుంబాలు ఎక్కువ. ఆ పిల్లల కోసం జెస్యూట్ క్రైస్తవ గురువులు 1996లో క్రిస్టో రే హైస్కూలు తెరిచారు. చదువు కాలేజీకి సిద్ధం చేసేలా ఉండాలి, కానీ అంత ఫీజు కట్టే స్తోమత తల్లిదండ్రులకు లేదు.

దానికి వాళ్లు కనిపెట్టిన దారి ఇది. ఆఫీసులో ఒక ఫుల్‌టైమ్ ఉద్యోగాన్ని నలుగురు విద్యార్థులు పంచుకుంటారు. ఒక్కొక్కరికి నెలకు సుమారు 5 రోజులు పని. బ్యాంకులు, లా ఆఫీసులు, ఆసుపత్రుల్లో ఫైళ్లు సర్దడం, డేటా ఎంట్రీ లాంటివి చేస్తారు. జీతం పిల్లల చేతికి రాదు, చదువు ఖర్చుకు జమవుతుంది. మిగతాది విరాళాలు, కుటుంబం తన శక్తి మేరకు కట్టే కొద్దిపాటి ఫీజు. పనికి పోయిన రోజుల పాఠాలు నష్టపోకుండా మిగతా రోజుల్లో స్కూలు వేళలు పెంచుతారు.

నాకు ఇందులో డబ్బు కన్నా విలువైనదిగా అనిపించేది ఇంకొకటి. ఇంట్లో ఎవరూ ఆఫీసు మెట్లెక్కని పిల్లకు పద్నాలుగేళ్లకే ఆ వాతావరణం అలవాటవుతుంది, పెద్దవాళ్లతో బెదురు లేకుండా మాట్లాడటం వస్తుంది. అయితే చదువు, పని రెండూ అంటే ఆ వయసుకు అలసటే. పైగా ఉద్యోగాలిచ్చే కంపెనీలు దగ్గర్లో లేని ఊళ్లో ఈ పద్ధతి నిలబడదు. అందుకే ఈ నమూనాతో తర్వాత వచ్చిన స్కూళ్లు ఎక్కువగా పెద్ద నగరాల్లోనే ఉన్నాయి.