పక్క చెట్టు ఆకుల్ని కాపీ కొట్టే తీగకు కళ్లున్నాయా?

ప్రశ్న: పక్కనున్న చెట్టు ఆకుల్ని చూసి తన ఆకుల్ని కూడా అలాగే మార్చుకునే తీగ ఒకటుందట. ప్లాస్టిక్ మొక్క పెట్టినా అనుకరించిందట, కాబట్టి మొక్కలకు చూపు ఉందని ఒక వీడియోలో చెప్పారు. నిజమేనా? తెలిసినవాళ్లకి చెప్తే నవ్వుతున్నారు.

జవాబు: నవ్వాల్సిన పనేం లేదండీ. తీగ నిజం, ఆకులు మార్చుకోవడమూ నిజం. చూపు సంగతే ఇంకా తేలలేదు, ఆ వీడియో రెంటినీ కలిపేసింది.

దాని పేరు బొకీలా ట్రైఫోలియోలాటా. దక్షిణ చిలీలో, దాన్ని ఆనుకున్న అర్జెంటీనా ప్రాంతంలో, ఎప్పుడూ చల్లగా తడిగా ఉండే వానల అడవుల్లో చెట్లెక్కి పెరుగుతుంది. కాండం గట్టిగా కట్టెలా ఉంటుంది, అక్కడి మపూచే ప్రజలు దాంతో బుట్టలు అల్లుతారు. అయితే దాని ఆకుల వేషాల గురించి శాస్త్రపత్రిక దాకా వచ్చింది మాత్రం 2014లోనే, ఎర్నెస్టో జియానోలి, ఫెర్నాండో కరాస్కో-ఉర్రా అనే ఇద్దరు పరిశోధకుల వల్ల.

వాళ్లు చూసింది అసలు మామూలు విషయం కాదు. ఒకే తీగ ఒక చెట్టు మీంచి ఇంకో చెట్టు మీదికి పాకితే, మొదటి చెట్టు దగ్గరున్న ఆకులు మొదటిదానిలా, రెండోదాని దగ్గరున్నవి రెండోదానిలా ఉంటాయి. సైజు, ఆకారం, రంగు, ఆకు వాలే తీరు కూడా మారుతాయి. కొనకు చిన్న ముల్లుండే ఆకుల చెట్టు దొరికితే, తన ఆకు కొనకూ అలాంటి ముల్లే తెచ్చుకుంటుంది! పైగా ఆ చెట్టును తాకనక్కర్లేదు, దగ్గరుంటే చాలు. దీనివల్ల లాభమూ ఉంది: ఆకులున్న చెట్లెక్కిన తీగల కంటే, నేల మీద పాకేవాటిని, ఆకుల్లేని మోడులెక్కినవాటిని పురుగులూ జంతువులూ ఎక్కువ తినేస్తున్నాయని వాళ్లు లెక్కగట్టి చూపించారు.

ఎలా చేస్తోందన్నదే చిక్కు. పక్క మొక్క గాల్లోకి వదిలే రసాయనాల్ని పసిగడుతోందేమో అన్నది ఒక ఊహ. 2021లో జియానోలి బృందమే ఇంకోటి గమనించింది: అనుకరించే ఆకుల లోపలి బ్యాక్టీరియా, ఆ చెట్టు ఆకుల్లోని బ్యాక్టీరియాను పోలి ఉంది. కానీ ఆకు మారడానికి అదే కారణమా, లేక రెండూ కలిసి కనిపిస్తున్నాయా అన్నది దాంతో తేలదు.

ఇక ప్లాస్టిక్ మొక్క. జేకబ్ వైట్, ఫెలిపే యమషిత 2022లో ఆ ప్రయోగం ప్రచురించారు, 2024లో దానికి ఇగ్ నోబెల్ (ముందు నవ్వించి, తర్వాత ఆలోచింపజేసే పరిశోధనలకిచ్చే సరదా బహుమతి) కూడా వచ్చింది. ప్లాస్టిక్ ఆకులు వాసన వదలవు, వాటి నుంచి తీగలోకి చేరడానికి జన్యువులూ ఉండవు, కాబట్టి తీగ చూసే ఉండాలి అన్నది వాళ్ల వాదన. ఆలోచన నాకు చాలా నచ్చింది, ప్రయోగమే గట్టిగా లేదు. ప్లాస్టిక్ మొక్కకు దగ్గరగా పైనున్న తీగ ఆకుల్ని, అదే తీగకు కిందున్న ఆకులతో పోల్చారు. పై ఆకులు లేతవి, కిందవి ముదురువి, అందే వెలుగూ ఒకటి కాదు. ప్లాస్టిక్ లేకపోయినా వాటికి తేడా రావొచ్చు కదా? ప్లాస్టిక్ పెట్టిన మొక్కల్నీ పెట్టని మొక్కల్నీ ఒకే వెలుగులో పెంచి, ఒకే వయసు ఆకుల్ని, ఏది ఏ మొక్కదో తెలియనివాళ్ల చేత కొలిపించాలి. అప్పుడు కూడా తేడా వస్తే చూపు గురించి మాట్లాడదాం. అప్పటిదాకా మీవాళ్లకు ఆ ముల్లు సంగతి చెప్పండి, అది చాలు.