సావిత్రి గారి మీద నీ షార్ట్ ఫిల్మ్ గురించి

అబ్బాయీ,

నీ స్క్రిప్టు రెండుసార్లు చదివాను. ఎనిమిది నిమిషాల్లో సావిత్రి గారి చిన్నతనం, మద్రాసు, పెళ్లి, కష్టాలు, చివరి రోజులు అన్నీ పెట్టావు. ఆవిడంటే నీకెంత ప్రేమో ప్రతి పేజీలో తెలుస్తోంది. కానీ ఆవిడ మాత్రం నాకు కనబడలేదు, ఆవిడ గురించి చెప్పే గొంతే వినబడింది. ఆ వాయిస్ ఓవర్ మొత్తం తీసెయ్.

1936లో న్యూయార్క్‌లో జోసెఫ్ కార్నెల్ అనే కళాకారుడు ఓ పని చేశాడు. 'ఈస్ట్ ఆఫ్ బోర్నియో' అని 1931 నాటి అడవి సినిమా ప్రింటు తీసుకుని, గంటకు పైగా ఉన్నదాన్ని కత్తిరించి, సుమారు 19 నిమిషాలకు తెచ్చాడు. కథ పోయింది, మాటలు పోయాయి. హీరోయిన్ రోజ్ హోబార్ట్ మిగిలింది. నీలం గాజులోంచి, మూకీల వేగంతో, పక్కన గ్రామఫోన్ రికార్డు పెట్టి చూపించాడు. ఆవిణ్ని కొత్తగా ఒక్క షాటూ తీయలేదు. ఆవిడ తల తిప్పి చూస్తుంది, ఎవర్ని చూస్తోందో చాలాచోట్ల మనకు తెలీదు. అందుకే ఆ చూపు మనల్ని వదలదు.

నీకు 'మాయాబజార్' ఉంది కదా! 'అహ నా పెళ్ళియంట' పాట మళ్లీ పెట్టుకో. పైకి శశిరేఖ, లోపల ఘటోత్కచుడు. సుశీల గారి గొంతు మధ్యలోకి ఘంటసాల గారి గొంతు దూరుతుంది. అప్పుడు సావిత్రి గారి నడక, భుజాలు చూడు. చీర అదే, నగలు అవే, లోపల ఎస్వీ రంగారావు గారు దిగినట్టు ఉంటుంది. మరుక్షణం మళ్లీ సిగ్గుపడే పెళ్లికూతురు. ఒక నటి ఇంకో నటుడికి తన ఒంటితో పెట్టిన దండం అది, నేనైతే అలాగే అనుకుంటాను. నీ సినిమా అంతా ఆ ఒక్క మార్పు మీదే ఉండాలి.

నీ సినిమాలో వేసే అమ్మాయి సావిత్రిలా కనబడదేమోనని టెన్షన్ పడకు. విగ్గు వద్దు, నగలు వద్దు. క్లిప్పులు, పాట వాడాలంటే హక్కులున్నవాళ్ల అనుమతి కావాలి, ఆ జోలికీ వెళ్లకు. హాస్టల్ గదిలో, అద్దం ముందు, నైటీలో ఆ భుజాన్ని ప్రాక్టీస్ చేయనీ. ఫ్యాన్ చప్పుడు చాలు. మొదట రాదు. విసుక్కుని జడ ముడేసుకుంటుంది, మళ్లీ మొదలుపెడుతుంది. ఏ పదోసారో భుజం దానంతటదే లేస్తుంది. అక్కడ కట్ చెప్పకు. ఆ తర్వాత అద్దంలో తనను తాను ఎలా చూసుకుంటుందో అదీ తియ్యి.

ఆ ఒక్క పేజీ రాసి ఆదివారంలోపు పంపు.

ఆశీస్సులతో,
బాబాయి