ఐనవోలుకు ఎందుకు పోలేదు?

ప్రశ్న: మాది పరకాల దగ్గర పల్లె. నాకు 36 ఏళ్లు. నా దోస్తు పాడతాడు, నేను డోలక్ వాయిస్తాను. పన్నెండేళ్లు పెళ్లిళ్లకు, బతుకమ్మలకు కలిసి తిరిగాం. రెండేళ్ల కింద మా జానపదం ఒకటి యూట్యూబ్‌లో కోటి వ్యూస్ దాటింది. పేరంతా వాడికే. వీడియో కింద నా పేరు కూడా లేదు. ఇప్పుడు హైదరాబాద్ ప్రోగ్రాములకు వేరేవాళ్లతో పోతున్నాడు. వచ్చే నెల హన్మకొండలో గృహప్రవేశం, రమ్మన్నాడు. పోవాలా, వద్దా? ఈ టెన్షన్‌తో సంక్రాంతికి నాన్నతో ఐనవోలు మల్లన్న జాతరకు కూడా పోలేదు. ఆయన ఒగ్గు కథకు, అదే మల్లన్న కథ పాడి చెప్పే ఆటకు, డోలు కొడతాడు. అక్కడ వాయిస్తే చూసేదెవరు?

జవాబు: గృహప్రవేశానికి పొండి. ఇంటావిడను, పిల్లలను తీసుకొని పోయి బట్టలు పెట్టి రండి. పన్నెండేళ్లు కలిసి తిరిగినవాడి ఇంట్లో పాలు పొంగే వేళ మీరు లేకపోతే ఎట్లా? ఇది ఉత్తరం రాసి అడిగే మాటేనా?

పేరు సంగతి మాత్రం అడగాలి. ఆ రోజు కాదు, చుట్టాలంతా వెళ్లాక, ఇద్దరే ఉన్నప్పుడు. వీడియో కింద రాసింది ఎప్పుడైనా మార్చుకోవచ్చు, రెండు నిమిషాల పని. వాయించినవాడు పేరు అడిగితే బిచ్చమడిగినట్టు కాదు. ప్రోగ్రాములకు పిలవమని మాత్రం బతిమాలొద్దు, అది నాకు నచ్చదు.

మీ ఉత్తరంలో నాకు గుచ్చుకున్నది చివరి మాట. చూసేదెవరని నాన్నతో పోలేదా? డోలు మీద చెయ్యి పెట్టించింది ఆయన కాదూ? దోస్తు పెద్ద స్టేజీ దొరికి మిమ్మల్ని వదిలేశాడని మీ బాధ. మరి మీరు నాన్నను వదిలింది ఎందుకు? చూసేవాళ్లు లేరని. పైగా ఆయనది రంగుల ముగ్గుతో పట్నం వేసి మల్లన్న ముందు కొట్టే డోలు, వ్యూస్ కోసం కొట్టేది కాదు.

ఇంకో సంగతి మీకు తట్టలేదు. ఒగ్గు కథలో ఊళ్లో పేరు మోగేది ముందు నిలబడి కథ చెప్పేవాడిదే. పక్కన డోలు కొట్టేవాడి పేరు ఎవరడుగుతారు? మీ నాన్న బతుకంతా అక్కడే నిలబడ్డాడు. ఆయనకెప్పుడైనా కడుపు మండిందా, మండితే ఏం చేశాడు? నన్ను అడిగేకంటే ఆయన్ను అడగాల్సింది. మీ ఇంట్లోనే ఉన్నాడాయె.

జాతర ఉగాది దాకా ఉంది. ఈ ఆదివారం నాన్నను బండెక్కించుకొని ఐనవోలు పొండి. డోలు మీరే మోయండి.